చేబదులు దగ్గర చెడే చుట్టరికాలు: తేడా ఏ మాట దగ్గర వస్తోంది?

గోదారిగట్టు (చర్చ మొదలుపెట్టినవారు)

బంధువుల మధ్య, స్నేహితుల మధ్య డబ్బు దగ్గర వచ్చే గొడవల్లో ఎగవేత పాలు తక్కువ, అపార్థం పాలు ఎక్కువ అని నా అభిప్రాయం. ఎగ్గొడదామని మొదటి రోజే అనుకుని చెయ్యి చాచేవాళ్ళు కొందరే. ఇచ్చినవాళ్ళు ఆ డబ్బుకి మనసులో ఒక పేరు పెట్టుకుంటారు, పుచ్చుకున్నవాళ్ళు ఇంకో పేరు పెట్టుకుంటారు. రెండూ ఒకటి కాదన్న సంగతి ఏ రెండేళ్ళకో, ఏ పెళ్ళి పందిట్లోనో బయటపడుతుంది.

చేబదులు అంటే వడ్డీ లేదు, కాగితం లేదు, కొద్ది రోజుల్లో తిరిగి రావాలి. అప్పు అంటే వడ్డీ, గడువు ఉంటాయి. సాయం అంటే తిరిగి అడగరు. మరి "కాస్త సర్దుతావా" అంటే ఈ మూడింట్లో ఏది? అడిగినవాళ్ళు చెప్పరు, ఇచ్చేవాళ్ళు అడగరు. అడిగితే ఏమనుకుంటారో అని మొహమాటం.

ఈ వ్యవహారాలు తెలిసినవాళ్ళు రాయండి. సొంత గోడు, ఫలానా బావ ఇలా చేశాడు అన్న కథలు వద్దు. తేడా ఎక్కడ వస్తుంది, లెక్క ఎలా కట్టాలి, కాగితం ఎలా ఉండాలి, అడగడం ఎలా, ఇవి చాలు.

నోటు_దస్తూరి

ముందు వడ్డీ మాట. పల్లెలో "రెండు రూపాయల వడ్డీ" అంటే నూటికి నెలకి రెండు, అంటే ఏడాదికి 24 శాతం. బ్యాంకు లోన్లతో పెరిగిన కుర్రాళ్ళకి "రెండు" అనగానే ఏడాదికి 2 శాతం అనిపిస్తుంది. 2 లక్షల మీద ఇద్దరికీ వచ్చే అంకె ఒకటే, 4 వేలు. ఒకరికి అది నెల వడ్డీ, ఇంకొకరికి ఏడాది వడ్డీ. "నాలుగు వేలేగా, ఇచ్చేద్దాం" అని ఇద్దరూ నవ్వుకుంటూ లేస్తారు. ఏడాది తిరిగేసరికి ఒకరి లెక్కలో 48 వేలు, ఇంకొకరి లెక్కలో 4 వేలు.

రెండోది బారువడ్డీయా, చక్రవడ్డీయా. అదే 2 లక్షలు, అదే రెండు రూపాయలు, మూడేళ్ళు. బారువడ్డీ అయితే 1,44,000. ఏడాదికోసారి వడ్డీని అసలులో కలుపుతూ పోతే 1,81,325. తేడా 37 వేల పైచిలుకు. నోటులో (అప్పుకి రాసిచ్చే ప్రామిసరీ నోటు) "వడ్డీ" అని మాత్రమే రాసి, ఏడాదికోసారి కలుపుతామని ఎక్కడా రాయకుండా చక్రవడ్డీ అడిగేవాళ్ళున్నారు. ఊళ్ళో అది మామూలే అంటారు. వేరే ఊరి అల్లుడికి ఆ మామూలు ఎలా తెలుస్తుంది?

కాబట్టి వడ్డీని శాతంలో చెప్పకండి, రూపాయల్లోనూ చెప్పకండి. "నెలకి ఇన్ని వేలు, ఫలానా తేదీకి" అని మొత్తం చెప్పండి. అప్పుడు ఎవరి చెవికైనా ఒక్కటే వినిపిస్తుంది.

ఓరుగల్లు_రాములు

దస్తూరి సార్ లెక్క చెప్పిండు, నేను మాటలు చెప్త. పంచాయితీలకు వచ్చేటి మాటలు అయిదారే ఉంటయి, తిప్పి తిప్పి అవే.

"ఉన్నప్పుడు ఇయ్యిరా": ఇచ్చినాయన లెక్కల ఇది మర్యాద, రెండు మూడు నెలలల్ల వస్తయనే అనుకుంటడు. తీసుకున్నాయనకు ఇది గడువు లేని అనుమతి. ఇల్లు కట్టుకునుడు అయినంక, పిల్ల పెండ్లి అయినంక ఇంకా మిగిలితే, అప్పుడు "ఉన్నట్టు".

"పంట మీద ఇస్త": ఏ పంట? వానాకాలమా, యాసంగా? కోసినప్పుడా, అమ్మినప్పుడా, పైసలు ఖాతాల పడ్డప్పుడా? వడ్లు కొనుగోలు కేంద్రానికి పోయినంక పైసలు పడేటాల్లకు రోజులు పడుతది. ఇచ్చినాయన కల్లం కాడికి వచ్చి నిలబడితే అది అవమానమైతది. ఆంధ్ర దిక్కు సార్వా, దాళ్వా అని ఇదే లొల్లి ఉంటది కావచ్చు.

"మనల మనకు వడ్డీ ఏంది": దీన్ని నమ్మద్దు. చెప్పినోళ్ళు చానా మంది మనస్ఫూర్తిగనే చెప్తరు, కాని ఆ మాట మూడు నెలల వరకే. ఏడాది దాటినంక "బ్యాంకుల ఏసుకున్నా ఏదో వచ్చేది" అని ఇంట్ల మొదలైతది. వడ్డీ వద్దంటే ఎప్పటి దాక వద్దో కూడ చెప్పాలె. "ఉగాది దాక వడ్డీ లేదు, ఆ తర్వాత రూపాయి" అంటే ఇద్దరికీ మంచిది.

"మీ వదినకు చెప్పకు": ఇది అన్నిట్లకన్నా ఖతర్నాక్. ఇంట్ల ఇంకొకరికి తెల్వకుండ ఇచ్చిన పైసలు రేపు అడగాలన్నా దొంగచాటుగనే అడగాలె. అడిగే తొవ్వ ముందే మూసుకున్నట్టు.

పడమటిగాలి

అన్నీ బాగానే ఉన్నాయి గానీ, సొంత తోడబుట్టినవాడి దగ్గర నోటు రాయించుకునేది ఎట్లా? ఆ మాట ఎత్తిన దినమే బంధుత్వం సగం పోతుంది. కాగితం లేకుండా చూసుకునే దోవ చెప్పండి.

లెక్కలమ్మ

ఉంది. డబ్బు బ్యాంకు ద్వారా పంపించి, పంపిన నిమిషంలోనే ఒక వాట్సాప్ సందేశం పెట్టాలి. ఇలా:

"అన్నయ్యా, ఇప్పుడు నీ ఖాతాకి 1,50,000 పంపాను. బాబు కాలేజీ ఫీజు కోసం అడిగావు కదా. సంక్రాంతి దాటాక జనవరి 31 లోపు ఇస్తానన్నావు, వడ్డీ ఏమీ అనుకోలేదు. అందిందో లేదో చూసి చెప్పు."

అవతలివాళ్ళు "అందింది, థాంక్స్‌రా" అంటే చాలు. ఇందులో అనుమానించినట్టు ఎక్కడా లేదు, డబ్బు చేరిందా అని అడిగినట్టే ఉంటుంది. కానీ ఎంత, ఎందుకు, ఎప్పటికి, వడ్డీ ఉందా లేదా, నాలుగూ అందులోకి వచ్చేశాయి. ఒప్పుకున్నదాంట్లో తేడా ఉంటే అవతలివాళ్ళు అప్పుడే చెప్తారు: "జనవరి కాదురా, ఏప్రిల్ అన్నాను." ఆ తేడా ఆ రోజే తేలిపోవడం కోసమే ఈ సందేశం. తగాదా వస్తే సాక్ష్యంగా పనికి రావడం తర్వాతి మాట. అలా వాడాలన్నా ఫోన్ మార్చినప్పుడు చాట్ పోగొట్టుకోకూడదు, కోర్టులో పెట్టేటప్పుడు భారతీయ సాక్ష్య అధినియం 63వ సెక్షన్ ప్రకారం ధ్రువపత్రం జతచెయ్యాలి.

యూపీఐలో పంపితే కింద రాసే చోట ఖాళీగా వదలకండి. "చేబదులు" అని ఒక్క మాట కొట్టండి. స్టేట్‌మెంట్లో ఎన్నాళ్ళయినా కనబడుతుంది. మామూలు ఖాతా నుంచి మనుషులకు పంపే యూపీఐ పరిమితి రోజుకి లక్ష, కాబట్టి లక్షన్నర రెండు రోజులు పడుతుంది, లేదా నెఫ్ట్ చెయ్యాలి. రెండు విడతలుగా పంపితే సందేశంలో మొత్తం రాయండి. లేకపోతే "లక్షే కదా ఇచ్చావు" అన్న మాట వస్తుంది, అదీ అబద్ధమాడాలని కాదు, గుర్తులేక.

నోటు_దస్తూరి

లెక్కలమ్మ గారి సందేశం చిన్న మొత్తాలకి బాగుంటుంది. రెండు మూడు లక్షలు దాటి, గడువు ఏడాది దాటితే నోటే మేలు. మొహమాటం పోవాలంటే అడిగేవాళ్ళే "నోటు రాసిస్తాను" అనాలి, ఇచ్చేవాళ్ళు అడిగించుకునే దాకా ఉండకూడదు.

నోటు అందరికీ తెలిసిందే అనుకుంటారు గానీ అందులోని ఒక్కో మాటా ఒక్కో తగాదా తెస్తుంది. పాత ఒరవడి ఇది:

"...నా కుటుంబ అవసర నిమిత్తం ఈ దినం తమ వద్ద అప్పుగా పుచ్చుకున్న రొక్కం రూ.2,00,000, అక్షరాలా రెండు లక్షల రూపాయలు. ఈ రూపాయలకు నెల ఒక్కింటికి నూటికి రూ.1.00 చొప్పున వడ్డీ చేర్చి, అసలు వడ్డీలు తాము కోరినప్పుడు తమకు గానీ తమ అనుమతి పొందినవారికి గానీ చెల్లించి, ఈ నోటు మీద చెల్లు పెట్టించుకొని తిరిగి తీసుకోగలవాడను."

"రొక్కం" అని అచ్చులో ఉంటుంది. డబ్బు ఖాతాకి వచ్చి ఉంటే అది అబద్ధపు నోటు అవుతుంది. రేపు "నాకు రొక్కం ఇవ్వలేదు, ఖాతాలో పడింది వేరే లెక్క" అని ఒకరు, "ఖాతాలో వేసిందీ ఉంది, నోటూ ఉంది, రెండూ ఇవ్వాలి" అని ఇంకొకరు అనడానికి దారి. ఆ మాట కొట్టేసి "ఫలానా తేదీన నా ఖాతాకు జమ అయిన" అని రాయండి. దిద్దిన చోట పొట్టి సంతకం పెట్టించండి.

"తాము కోరినప్పుడు" అంటే చట్టం దృష్టిలో రేపు పొద్దున్న అడిగినా ఇవ్వాలి. నోటి మాటగా "రెండేళ్ళు టైం" అనుకుని ఈ నోటు మీద సంతకం చేసినవాళ్ళు ఆరో నెలలో లాయరు నోటీసు వస్తే నమ్మకద్రోహం అంటారు. పంపినవాళ్ళు నోటు ప్రకారమే పంపారు. రెండేళ్ళు అనుకుంటే ఆ తేదీ నోటులో రాయాలి.

దానికి తోడు, కోరినప్పుడు ఇచ్చే నోటు మీద కోర్టుకి వెళ్ళడానికి ఉండే మూడేళ్ళ గడువు నోటు తేదీ నుంచే నడుస్తుంది, అడిగిన రోజు నుంచి కాదు. "నేను అడగనే లేదు కదా, కాలం ఎలా దాటింది" అన్నది చాలామంది పొరపాటు.

అచ్చు ఫారంలో ఆ మాటలు ఎందుకున్నాయో తెలియక "తమ అనుమతి పొందినవారికి గానీ" అన్నది కొట్టేసేవాళ్ళున్నారు. అది తీసేసి, కింద సాక్షి సంతకం కూడా పెట్టిస్తే స్టాంపు చట్టం కింద ఆ కాగితాన్ని నోటుగా కాక బాండుగా లెక్కగట్టే ప్రమాదం ఉంది. అప్పుడు కట్టాల్సిన స్టాంపు వేరు. అసలు నోటుకి సాక్షులు ఉండి తీరాలని చట్టంలో లేదు, మన అలవాటు అంతే.

రెవెన్యూ స్టాంపు సంతకం కన్నా ముందు అంటించాలి, సంతకం స్టాంపు మీదుగా కాగితం మీదికి పోవాలి. తర్వాత అంటిద్దాంలే అనుకుంటే ఆ నోటు సాక్ష్యానికి పనికిరాదు, జరిమానా కట్టి సరిచేసుకునే వీలు కూడా నోట్లకి లేదు.

ఖాళీ నోటు మీద సంతకం చేసి ఇవ్వడం గురించి వేరే చెప్పాలా? మొత్తం రాయని, స్టాంపు అంటించిన కాగితం మీద సంతకం పెడితే, చేతిలో ఉన్నవాళ్ళు ఆ స్టాంపుకి సరిపడేంత వరకు నింపుకోవచ్చని నెగోషియబుల్ ఇన్‌స్ట్రుమెంట్స్ చట్టం 20వ సెక్షనే అంటోంది. "నమ్మకం మీద ఇచ్చాను" అనేది మీ మనసులో మాట.

చదివింపులపుస్తకం

వెయ్యిన్నూటపదహార్లు చదివిస్తే పుస్తకంలో పేరు, ఊరు, మొత్తం రాసుకుంటాం, మళ్ళీ వాళ్ళింట్లో కార్యానికి తిప్పి చూస్తాం. లక్షలు ఇచ్చినప్పుడు మాత్రం కాగితం మర్యాద కాదు!

లెక్కలమ్మ

ఇంకో పెద్ద అపార్థం మధ్యలో కొంత కట్టినప్పుడు వస్తుంది. 2 లక్షలు, రూపాయిన్నర వడ్డీ. పది నెలల తర్వాత పుచ్చుకున్నాయన 50 వేలు తెచ్చి ఇచ్చాడు. ఆయన లెక్క: ఇంక లక్షా యాభై. ఇచ్చినావిడ లెక్క: పది నెలల వడ్డీ 30 వేలు పోగా అసలుకి 20 వేలు, ఇంక లక్షా ఎనభై. ఆ రోజు ఎవరూ నోరు విప్పలేదు, కాఫీ తాగి వెళ్ళారు. అక్కడి నుంచి రెండు వేర్వేరు అప్పులు నడుస్తుంటాయి.

ఏదీ చెప్పకపోతే ముందు వడ్డీకి, మిగిలితే అసలుకి జమ వేసుకోవడం మామూలు పద్ధతి. అసలుకే జమ కావాలంటే కట్టేవాళ్ళు డబ్బు ఇస్తూనే చెప్పాలి, అప్పు ఇచ్చినవాళ్ళు ఒప్పుకోవాలి. కట్టిన ప్రతిసారీ "ఇంతటితో బాకీ ఇంత" అని ఒక లైను రాసి ఇద్దరూ చూసుకోండి. "ఇంత కట్టాను" అని రాస్తే సరిపోదు, మిగిలింది ఎంతో రాయాలి. గొడవ ఎప్పుడూ మిగిలినదాని మీదే.

పన్ను సంగతి కూడా. 20 వేలు, ఆపైన అప్పు రొక్కంగా తీసుకోకూడదు, తిరిగి కట్టడమూ రొక్కంగా కట్టకూడదు. పట్టుబడితే ఆ మొత్తమంత జరిమానా పడొచ్చు. తీసుకోవడంలో తప్పు తీసుకున్నవాళ్ళ మీదికే వస్తుంది. కాబట్టి "బ్యాంకులో వేస్తాను" అని ఇచ్చేవాళ్ళు అంటే "నన్ను నమ్మడం లేదా" అనుకోకండి, అది మీకే రక్ష.

అప్పు కాదు, ఊరికే ఇచ్చాను అంటారా? దగ్గరి బంధువుల నుంచి వస్తే పన్ను లేదు. స్నేహితుల నుంచి ఏడాదిలో మొత్తం 50 వేలు దాటితే తీసుకున్నవాళ్ళ ఆదాయంలో కలుస్తుంది, పెళ్ళి కానుకలు మినహా. బంధువు అంటే ఎవరో చట్టం రాసిన పట్టీ మన వరసలతో కలవదు. మేనమామ మేనల్లుడికి ఇస్తే పన్ను లేదు. మేనల్లుడు మేనమామకి 50 వేలు దాటి ఇస్తే పన్ను ఉంది. పెదనాన్న కొడుకు మనకి అన్నే, ఆ పట్టీలో అన్న కాదు. "ఎలాగూ అన్నకే కదా, గిఫ్టు అని రాసేద్దాం" అనుకునే ముందు ఆడిటర్ని అడగండి.

సీమమిరప

అప్పు ఇచ్చుకునే గొడవ కన్నా పూచీ గొడవలు ఇంకా పెద్దవి, ఎవరూ ఎత్తలేదే. సంతకం మూడు రకాలు. సాక్షి సంతకం: "ఈయన సంతకం చేస్తుండగా చూసినా" అని, అంతే, అప్పు కట్టే బాధ్యత లేదు. జామీను సంతకం: ఆయన కట్టకపోతే నేను కడతా. కలిసి తీసుకున్న సంతకం: అప్పు ఇద్దరిదీ. "ఊరికే ఒక సంతకం పెట్టు మామా" అని పిలిచేవాడు ఇందులో ఏదో చెప్పడు, వాడికీ తెలియదు.

జామీను అంటే ముందు అప్పు తీసుకున్నవాడి ఆస్తి జప్తు చేసి, చాలకపోతే మన దగ్గరికొస్తారు అనుకుంటారు. అట్లా కాదు. కాంట్రాక్టు చట్టం 128వ సెక్షను ప్రకారం, వేరే ఒప్పందం లేకపోతే, జామీనుదారు బాధ్యత తీసుకున్నవాడి బాధ్యతతో సమానం. నేరుగా మన మీదికే రావచ్చు. ఉద్యోగస్తుల జీతం పట్టుకునేది తేలిక కాబట్టి వాళ్ళ మీదికే ముందు వస్తారు.

చిట్టీ చూడండి. 5 లక్షల చిట్టీ, 50 నెలలు, నెలకు 10 వేలు. ఎనిమిదో నెలలో పాట పాడుకున్నవాడికి జామీను ఉంటే, ఇంకా 42 నెలలు మిగిలినాయి, డివిడెండు తగ్గింపు పక్కన పెడితే 4,20,000 మీ నెత్తిన ఉన్నట్టు. నలభయ్యో నెలలో పాడినవాడికి అదే సంతకం పెడితే లక్ష. "చిట్టీకి జామీను" అని ఇద్దరూ ఒకటే మాట చెప్తారు. అడగాల్సింది చిట్టీ ఎంతది అని కాదు, ఎన్ని నెలలు మిగిలినాయి అని.

ఇంకోటి. జామీను కాగితం మీదే ఉండాలని లేదు. అదే కాంట్రాక్టు చట్టం 126వ సెక్షనులో నోటి మాటగా ఇచ్చిన పూచీ కూడా పూచీనే అని ఉంది. "వాడికి ఇవ్వండి, నాది పూచీ" అని నలుగురిలో అనేసి తర్వాత "మాట సాయం చేసినా, అంతే" అంటే కుదరకపోవచ్చు. పరిచయం చేయాలనుంటే "మనిషి నాకు తెలుసు, డబ్బు సంగతి మీరు మీరు చూసుకోండి" అనండి.

పచ్చలపతకం

నగలు ఇచ్చిపుచ్చుకోవడం మర్చిపోయారు. "మీ హారం ఇస్తే తాకట్టు పెట్టుకుని ఆరు నెలల్లో విడిపించి ఇస్తాను" అనేది ఆడవాళ్ళ మధ్య ఎక్కువ నడిచే అప్పు, దీనికి నోటు ఉండదు.

తూకం దగ్గర మొదటి తేడా. తెలంగాణ వాళ్ళు తులాల్లో చెప్తారు, ఇప్పుడు కొట్లలో తులం అంటే 10 గ్రాములు. పాత తులం 11.66 గ్రాములు. కోస్తాలో కాసు, సవర అంటే 8 గ్రాములు. "నాలుగు" అని ఇద్దరూ తలూపితే అది 32 గ్రాములో, 40 గ్రాములో, పెద్దమ్మల లెక్కలో 46 దాకానో. గ్రాముల్లోనే చెప్పుకోండి. రాళ్ళ నగ అయితే మొత్తం తూకం వేరు, రాళ్ళు తీసేసిన బంగారం తూకం వేరు. తాకట్టు రసీదులో రెండూ ఉంటాయి, దాని ఫోటో నగ ఇచ్చినవాళ్ళ దగ్గర ఉండాలి. ఇప్పటి హాల్‌మార్కు నగ మీద అంకెలు, అక్షరాలు కలిసి ఆరుండే గుర్తింపు కోడు ఉంటుంది, అదీ రాసిపెట్టుకోండి. తిరిగి వచ్చింది అదే గొలుసా అన్న అనుమానం మనుషుల్ని తినేస్తుంది, కోడు చూస్తే నిమిషంలో తేలుతుంది.

నగ తాకట్టు ఎవరు పెడితే లోను వాళ్ళ పేరునే. వడ్డీ కట్టకపోతే వేలం నోటీసు వాళ్ళ ఇంటికే వెళ్తుంది, నగ సొంతదారుకి రాదు. గడువు తేదీ మీ క్యాలెండరు మీద కూడా గుండ్రంగా చుట్టి పెట్టుకోవాలి.

నగ అమ్మేసుకోమని ఇచ్చారనుకోండి, తిరిగి ఇచ్చేది గ్రాములా, అమ్మిన రోజు డబ్బా? ధర పెరిగేకొద్దీ ఇచ్చినవాళ్ళు గ్రాములంటారు, పుచ్చుకున్నవాళ్ళు డబ్బంటారు. గ్రాములే అయితే ముద్ద బంగారమా, నగా? నగ అంటే తరుగు, మజూరీ ఎవరివి? ఈ నాలుగు ప్రశ్నలూ నగ మెడలోంచి తీసేముందు అడగాల్సినవి.

సముద్రం_అవతల

బయటి దేశాల నుంచి ఇంటికి పంపే డబ్బు సంగతి. ప్రతి నెలా ఒకే ఖాతాకి, ఏమీ రాయకుండా పంపుతారు. పంపేవాళ్ళ లెక్కలో అందులో సగం ఇంటి ఖర్చు, సగం దాచమని. ఇంట్లోవాళ్ళ లెక్కలో అంతా ఖర్చుకే. పదేళ్ళ తర్వాత "నేను పంపినదంతా ఏమైంది" అన్న ప్రశ్నకి ఎవరి దగ్గరా జవాబుండదు, అందులో ఎవరి మోసమూ ఉండకపోవచ్చు.

రెండు ఖాతాలు పెట్టండి. ఖర్చుకి పంపేది అమ్మానాన్నల ఖాతాకి, దాని లెక్క అడగకండి. పెట్టుబడికి పంపేది మీ సొంత ఎన్‌ఆర్‌ఈ లేదా ఎన్‌ఆర్‌ఓ ఖాతాకి (బయటి దేశాల్లో ఉండేవాళ్ళ కోసం మన బ్యాంకుల్లో ఉండే ఖాతాలు). ఇల్లు కట్టిస్తుంటే దగ్గరుండి చూసుకునే తమ్ముడి శ్రమని ముందే ఒక అంకెగా అనుకోండి. ఎండలో రెండేళ్ళు నిలబడి కట్టించినవాళ్ళు "మా ఇల్లు" అంటారు, డబ్బు పంపినవాళ్ళూ "మా ఇల్లు" అంటారు. స్థలం నాన్న పేరున ఉంటే, డబ్బు ఎవరు పంపినా ఆ ఇల్లు పంపినవాళ్ళ పేరుకి దానంతటది మారదు.

లెక్కలమ్మ

దానికి ఒక హెచ్చరిక కలుపుతాను. మీ డబ్బుతో తమ్ముడి ఒక్కడి పేరున ప్లాటు కొని "తర్వాత మార్చుకుందాం" అనుకోవడం బేనామీ చట్టం కిందికి రావచ్చు. భార్య లేదా భర్త, పిల్లల పేరున, తెలిసిన ఆదాయంతో కొంటే మినహాయింపు ఉంది. తోడబుట్టినవాళ్ళు, తల్లిదండ్రుల పేరున అయితే దస్తావేజులో మీ పేరు కూడా కలిసి ఉండాలి. ఇక్కడ తమ్ముడు మాట తప్పకపోయినా చిక్కే. మాట తప్పితే ఆ ప్లాటు అసలు నాదే అని కోర్టుకి వెళ్ళే దారిని కూడా ఆ చట్టమే మూసేస్తుంది.

పడమటిగాలి

ఇవన్నీ ఇవ్వకముందు జాగ్రత్తలు. ఇప్పటికే ఇచ్చేసి, మాట పట్టింపు వచ్చి ఫోన్లు ఎత్తకుండా ఉన్నవాళ్ళు ఏం చేయాలి?

గోదారిగట్టు

ఫోను ఎత్తకపోవడాన్ని ఎగవేత అని చదవకండి. చేతిలో లేనివాళ్ళు సిగ్గుతో ఎత్తరు, ఎత్తకపోయేసరికి ఇవతలివాళ్ళకి కోపం, ఆ కోపం ఎవరి ద్వారానో చేరి అవతల మొండితనం. మధ్యలో మూడో మనిషి చేత అడిగించడంతో మాట మారిపోతుంది. "వీలైతే చూడమను" అన్నది "ఇస్తాడా చస్తాడా అడుగు" అయి చేరుతుంది. నేరుగా మీరే, ఒక్కరికే, ఫ్యామిలీ గ్రూపులో కాకుండా రాయండి.

రాసేటప్పుడు "నా డబ్బు ఎప్పుడిస్తావు" అనొద్దు, దానికి "ఇస్తాను" ఒక్కటే జవాబు. "మన లెక్క ఇద్దరం ఒకసారి చూసుకుందాం. నా దగ్గర రాసుకున్నది: మార్చిలో 1,50,000 ఇచ్చాను, ఆగస్టులో 30,000 వచ్చింది, ఇంక 1,20,000. నీ లెక్కలో ఎంతుంది?" అని అడగండి. ముందు అంకె కలవాలి. అంకె కలిశాకే తేదీ. తేదీ కూడా ఒక్కటే అడగకండి, "నెలకి ఎంత వీలవుతుంది" అంటే పది వేలు చొప్పున ఏడాదిలో తీరే దారి దొరకొచ్చు. అంకె కలవకపోతే, కలవని మొత్తం ఎంతో అదొక్కటీ పక్కన పెట్టి, ఒప్పుకున్నంత వరకు కట్టడం మొదలుపెట్టించండి.

పండగ రోజు, పెళ్ళిలో, ఆసుపత్రిలో, వాళ్ళ అత్తగారి ముందు అడగకూడదని వేరే చెప్పక్కర్లేదనుకుంటా.

ఓరుగల్లు_రాములు

పెద్దమనుషుల దాక పోతే ఒక పద్ధతుండాలె. ఇద్దరూ విడివిడిగ కాయితం మీద రాసుకొని రావాలె: ఎప్పుడు, ఎంత, ఎట్లిచ్చిండ్రు, ఎంత వచ్చింది, ఏం మాట్లాడుకున్నరు. రెండు కాయితాలు పక్కపక్కన పెడితే చానా వరకు తేడా ఒకటి రెండు లైన్లల్లనే ఉంటది. అండ్లనే మాట్లాడాలె. పాత పెండ్లి ముచ్చట్లు, "మా నాయినను అట్లన్నరు" అనేటివి పక్కకు పెట్టాలె. తేలినంక రాసి ఇద్దరితోని సంతకాలు తీసుకోవాలె, లేకుంటే పంచాయితీల ఏం తేలిందనే దాని మీద ఇంకో పంచాయితీ.

ఇంట్ల తేలకుంటే కోర్టు కేసు కన్నా ముందు లోక్ అదాలత్ ఉంది. కేసు వెయ్యకముందే న్యాయ సేవాధికార సంస్థల దరఖాస్తు ఇయ్యొచ్చు, కోర్టు ఫీజు ఉండదు. ఇద్దరూ ఒప్పుకుంటేనే తీర్పు, అయినంక అది కోర్టు డిక్రీ లెక్కనే, అప్పీలు ఉండదు. చుట్టాల మధ్యల ఇది నయం, ఎందుకంటే ఓడినోడు, గెలిచినోడు అని ఉండరు.

కొత్తసభ్యుడు_రాజోలు

అందరికీ నమస్కారమండి. నోటు తేదీ 2023 జూన్ 15 అనుకోండి, మూడేళ్ళు దగ్గర పడితే బంధువు మీద కేసు వెయ్యకుండా కాపాడుకునే దారి ఉందాండీ? నోటు వెనకాల అప్పు ఇచ్చినాయనే "వడ్డీ కింద 5,000 ముట్టినవి" అని రాసుకుంటే సరిపోతుందంటున్నారు.

నోటు_దస్తూరి

సరిపోదండీ, ఎక్కువ నోట్లు పోయేది ఇక్కడే. చెల్లు, అంటే కొంత కట్టినట్టు నోటు మీద రాసే రాత, బాకీ కట్టినవారి చేతిరాతలో ఉండాలి, లేదా కట్టినవారి సంతకం ఉండాలి. అప్పు ఇచ్చినాయన తనే రాసుకుని తనే సంతకం చేసుకుంటే అది గడువు పెంచదు. తేదీ కూడా మూడేళ్ళు నిండకముందుదే అయి ఉండాలి. జూన్ 15 దాకా ఆగకుండా మే నెలలోనే చూసుకోండి.

మూడు దారులు. కొంత కట్టించి, నోటు వెనక "ఈ దినం వడ్డీ నిమిత్తం రూ.5,000 చెల్లు" అని తేదీ వేసి బాకీదారు సంతకం. డబ్బు లేకపోతే "ఈ నోటు బాకీ నేను ఇంకా చెల్లించవలసి ఉంది" అని రాసి తేదీ, సంతకం. ఈ రెండింటిలో ఏదైనా ఆ తేదీ నుంచి మళ్ళీ మూడేళ్ళు ఇస్తుంది. మూడోది నోటు తిరగరాయడం. అప్పటిదాకా వడ్డీ లెక్కగట్టి, అసలు ఎంత, వడ్డీ ఎంత కలిసిందో విడివిడిగా ఒక కాగితం మీద రాసి, కొత్త నోటు పుట్టాక పాతది బాకీదారు చేతికి ఇచ్చేయాలి. పాత నోటు ఇవ్వకుండా "చించేశాన్లే" అంటే ఒప్పుకోకండి, బీరువాలో మరిచిపోయిన నోటు వారసులకి దొరికి మళ్ళీ మొదటికొస్తుంది.

గడువు దాటిపోయినా బాకీదారు ఇష్టపడి రాతపూర్వకంగా "ఆ పాత బాకీ ఇస్తాను" అని సంతకం చేస్తే కాంట్రాక్టు చట్టం 25వ సెక్షను కింద అది చెల్లుతుంది. కానీ అప్పుడు అడగడం బతిమాలుకోవడమే.

సంతకం అడిగేటప్పుడు ఇలా అనండి: "నోటుకి జూన్‌లో మూడేళ్ళు నిండుతున్నాయి, నిండితే లాయర్ని పట్టుకోవాల్సొస్తుంది. అది మనిద్దరికీ వద్దు. వెనకాల ఒక చెల్లు వేసేద్దాం, డబ్బు నీ వీలు చూసుకునే ఇద్దువు." పెన్ను మీరే పట్టుకెళ్ళండి.